లోపలికి పద్దెనిమిది, బయటికి పదిహేడు

ఫైల్లో చావుకు కారణం అన్న చోట ఒక్క మాటే ఉంది. గుండెపోటు.

అత్తయ్య ఆ ఫైలు మూసి పెద్దాయన వైపు నెట్టింది. అందులో ఏముందో ఆమెకు పదకొండు నెలలుగా కంఠతా వచ్చు.

"పొద్దున్నే పిలిచి మళ్ళీ ఇదెందుకు చూపిస్తున్నారు సార్?"

"ఈ రోజు అదే చోట, అదే టూర్లో, అదే పద్ధతిలో ఇంకో మనిషిని చంపబోతున్నారు కాబట్టి."

గోడ గడియారం ఏడూ పది చూపిస్తోంది. కిటికీ తలుపులన్నీ వేసి ఉన్నాయి. డిపార్ట్‌మెంట్‌లో ఆమెను అసలు పేరుతో పిలిచేవాళ్ళు లేరు. ఇరవై రెండేళ్ళ క్రితం ఇద్దరు ఏజెంట్లు పెళ్ళి చేసుకుంటే, తోటివాళ్ళు సరదాపడి మావయ్య, అత్తయ్య అని కోడ్ నేములు తగిలించారు. అవే స్థిరపడ్డాయి. మావయ్య కిందటేడు ఒక మిషన్ మీద కొండ లోపలి యుద్ధం నాటి ఆసుపత్రి చూడటానికి టిక్కెట్ కొనుక్కుని టూరిస్టులా వెళ్ళాడు. స్ట్రెచర్ మీద బయటికొచ్చాడు.

"టార్గెట్ ఎవరు?"

"అవతలి దేశపు ఇంజనీరు, మనవైపు వచ్చేస్తున్నాడు. మన రేవు ముఖద్వారంలో పదహారు మైన్లు దించారు. ఎక్కడెక్కడ దించారో అతని తలలో తప్ప ఇంకెక్కడా లేదు. కాగితం లేదు, చిప్ లేదు. సాయంత్రం నాలుగుకి మన ప్యాసింజర్ షిప్పులు మూడు బయల్దేరాలి."

"షిప్పులు ఆపేయండి."

"ఆపితే మనకి తెలిసిపోయిందని వాళ్ళకి తెలుస్తుంది. కూర్చున్నచోటు నుంచే మీట నొక్కుతారు. రేవే లేచిపోతుంది." పెద్దాయన గొంతు తగ్గించాడు. "ఇంజనీరు టూరిస్టు ఓడలో వస్తున్నాడు. ఓడ ఇక్కడ ఒక్క పూట ఆగుతుంది. ప్రయాణికుల్ని ఆ కొండ ఆసుపత్రి చూడటానికి తప్ప ఇంకెక్కడికీ దిగనివ్వరు. తొమ్మిదికి ఈ గేటులో లోపలికి, పన్నెండున్నరకి అవతలి గేటులో బయటికి. అక్కడ మన వ్యాన్ ఉంటుంది. అతన్ని ప్రాణాలతో వ్యాన్ ఎక్కించాలి. అంతే మీ పని."

"వెంట ఎవరొస్తున్నారు?"

పెద్దాయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. తుడవాల్సినంత మురికేమీ లేదు.

"నెమలి."

అత్తయ్య చూపు మూసిన ఫైలు మీదికి వెళ్ళింది.

"నాకు తెలుసమ్మా. ఆరోజు మావయ్య పక్కన నిలబడింది ఆవిడే. కానీ ఆవిడ డబుల్ ఏజెంట్. వాళ్ళ ఉప్పు తిని మన పని చేస్తోంది."

"మన ఉప్పు తిని వాళ్ళ పని చేస్తోందేమో."

"రుజువుందా?"

"లేదు."

"ఉంటే తీసుకురండి. ఆవిడ లేకపోతే ఈ ఇంజనీరు మనదాకా వచ్చేవాడే కాదు. ఆవిడ మీద చెయ్యి పడకూడదు. ఇది ఆర్డర్."

"సరే సార్."

అంత తొందరగా సరే అనడం పెద్దాయనకి నచ్చలేదు. కానీ అప్పటికే ఆమె తలుపు దాటింది.

రుజువు లేదన్న మాట నిజమే. ఉన్నది ఒక వాసన. డిపార్ట్‌మెంట్ వాళ్ళు తిరిగిచ్చిన మావయ్య కోటు కాలర్‌కి లవంగ నూనె, పాత తోలు కలిపినట్టు ఒక ఘాటు అంటుకుని ఉంది. ఆయనకు వాసన సబ్బు కూడా పడేది కాదు. తువ్వాలుకి సెంటు తగిలితే ఇల్లెగిరిపోయేలా తుమ్మేవాడు. అలాంటి మనిషి మెడ దగ్గర ఆ ఘాటు ఎవరు పూశారు? చీకట్లో ఎవరికి దారి చూపడానికి పూశారు?

ఆమె కాలర్ ముక్క కత్తిరించి ల్యాబ్ తమ్ముడికి ఇచ్చింది. అతను మూడు వారాలు కుస్తీపట్టి అచ్చం అదే వాసన తయారుచేసి, వేలెడు స్ప్రే సీసాలో పోసిచ్చాడు.

"ఎందుకక్కా ఇది?"

"దోమలకి, తమ్ముడూ."

అప్పటినుంచి నెలకొకసారి ఆ టూరుకి వెళ్ళింది. పదకొండు నెలలు, పదకొండు వేషాలు. ఒకసారి నర్సు, ఒకసారి చంకకర్రల మనిషి, ఒకసారి చెవిటి టూరిస్టు. ఎన్ని అడుగులకి ఎన్ని మెట్లో, ఏ మలుపులో తల వంచాలో కళ్ళు మూసుకుని చెప్పగలదు. అక్కడి గైడు ఆ పదకొండుమందికీ ఒకే మాట చెప్పాడు: "మీలాంటి శ్రోత నాకింతవరకూ దొరకలేదమ్మా."

ఈ రోజుది పన్నెండో వేషం. నెరిసిన విగ్గు, సోడాబుడ్డి కళ్ళద్దాలు, గోనెసంచంత హ్యాండ్‌బ్యాగు, ఆగని నోరు.

* * *

"అందరూ నా వెనకే రావాలి. నేను ఆగితే ఆగాలి, నేను నడిస్తే నడవాలి. ఇది యుద్ధకాలం అనుకోండి," అన్నాడు గైడు.

యాభై అయిదేళ్ళ మనిషి. ఇస్త్రీ మడత నలగని యూనిఫాం, చేతిలో ఇత్తడి మొన ఉన్న పొడవాటి బెత్తం. పన్నెండేళ్ళుగా ఇదే ఉద్యోగం. బెత్తంతో గాల్లో పొడుస్తూ మనుషుల్ని లెక్కపెట్టాడు. పద్దెనిమిది. ఫోన్లన్నీ లాకర్లో పెట్టించాడు. ఇనుప తలుపు వెనక మూసుకుంది.

లోపల రాయి చెమర్చి ఉంది. గోడల పొడవునా మూడంతస్తుల ఇనుప మంచాలు. గాయపడ్డవాళ్ళు గోరుతో, చెంచాతో గోడల మీద గీసిన గీతలు. ఒక్కో గీత ఒక్కో రోజు. కొన్ని వరుసలు వారం దాటలేదు.

"ఇక్కడ ఒకేసారి మూడు వందల మందిని పడుకోబెట్టారు," అన్నాడు గైడు.

"రెండు వందల ఎనభై," అన్నాడు టోపీ తాతగారు. ఓడలో గైడ్‌బుక్ మొత్తం చదివేసి వచ్చాడాయన.

"ఎవరు లెక్కపెట్టారు తాతగారూ, మీరా?"

"కాదు, పుస్తకం."

"పుస్తకం కన్నా రిజిస్టర్ గొప్పది. నా రిజిస్టర్లో పన్నెండేళ్ళలో ఒక్క కొట్టివేత లేదు. కావాలంటే చూసుకోండి."

అందరూ నవ్వారు. కొత్తగా పెళ్ళయిన జంటొకటి నవ్వలేదు. వాళ్ళు ఈ లోకంలో లేరు.

నెమలి నెమలికంఠం రంగు కోటులో ఉంది. జుట్టు పైకి చుట్టి ముడివేసింది. ఆమె నడుస్తుంటే మగవాళ్ళు గోడలు చూడటం మానేశారు. పక్కన ఇంజనీరు: బక్కపలచటి మనిషి, మెడకు బూడిదరంగు మఫ్లరు, ఏళ్ళ తరబడి నిద్రలేని కళ్ళు. ఓడలో ఉన్నన్నాళ్ళూ అతను గది గడియ తీయలేదు. ఎవరిచ్చిందీ తినలేదు. నెమలిని మాత్రం నమ్మాడు.

రెండో వార్డులో నెమలి అతని మఫ్లరు సర్దింది. ముద్దుగా, పెళ్ళాంలాగా. ఆమె వేళ్ళ మధ్య లిప్‌స్టిక్ గొట్టం లాంటిదేదో మెరిసి మాయమైంది.

మూడడుగుల దూరంలో అత్తయ్య ముక్కుకి వాసన తగిలింది. లవంగ నూనె, పాత తోలు.

ఆమెకు ఒక్క క్షణం రాతి గోడలు లేవు. బీరువా తలుపు తెరిచినట్టు, ఆ కోటు ముఖానికి ఆనించుకున్నట్టు అయింది. పళ్ళు బిగించింది. ఇప్పుడు కాదు. ఇంకా కాదు.

మూలుగుతూ వెళ్ళి ఇంజనీరు పక్కన చేరింది. "ఈ కొండకి చెవులున్నాయంటారు నాయనా!"

అది కోడ్. ఇంజనీరు అటూ ఇటూ చూశాడు. "చెవులుంటే మన గోలకి ఎప్పుడో మూసేసుకునేదండీ."

జవాబు సరిపోయింది.

"అమ్మో, ఏం చలి! ఎముకలు కొరుకుతోంది. ఆ మఫ్లరు కాస్త ఇవ్వు నాయనా, బయటికెళ్ళాక ఇచ్చేస్తాను."

నెమలి చటుక్కున తిరిగింది. "ఆయనకి జలుబు, ఆంటీ."

"జలుబుకి కోటుందిగా. నీకూ నిండు కోటుంది. ముసలిదాన్ని, నాకేముందమ్మా?"

"ఇచ్చేయ్ బాబూ, పెద్దావిడ అడుగుతోంది," అన్నాడు టోపీ తాతగారు. ఇంకో ఇద్దరు తలాడించారు. నలుగురి మధ్య నెమలి నవ్వక తప్పలేదు. మఫ్లరు అత్తయ్య మెడలోకి వచ్చింది.

నెమలి మళ్ళీ ఇంజనీరు వైపు అడుగేసింది. కోటు జేబులో చెయ్యి ఉంది. మరోసారి పూయాలి. అంతలో అత్తయ్య ఆమె మోచెయ్యి పట్టుకుని వేలాడింది.

"నా మోకాళ్ళు సహకరించట్లేదు తల్లీ. నీ చెయ్యి ఆసరా ఇవ్వు. నీకు పుణ్యముంటుంది."

"ఎవరినైనా మగవాళ్ళని అడగండి ఆంటీ."

"పరాయి మగాడి చెయ్యి పట్టుకోనా, ఈ వయసులో? నవ్విపోరూ?"

కొత్త పెళ్ళికూతురు కిసుక్కున నవ్వింది. ఆ తర్వాత రెండున్నర గంటల పాటు, ఆపరేషన్ గదిలో, మందుల కొట్టులో, వంటగదిలో, నాలుగు మెట్ల వరుసల మీద, అత్తయ్య ఆ చెయ్యి వదల్లేదు. కోడలి మీద, కీళ్ళ మీద, ఓడలో కాఫీ మీద వాగుతూనే ఉంది. నెమలి రెండుసార్లు విదిలించుకోవాలని చూసింది. ఉడుంపట్టు. రెండోసారి ఆమె కళ్ళలో మొదటిసారిగా అనుమానం కదిలింది.

అయినా అత్తయ్యకు అసలు చిక్కు అలాగే ఉంది. వాసన పూసేది నెమలి. ఆ వాసన పట్టుకుని వచ్చి, గుండెపోటులా కనిపించే విషపు సూది గుచ్చేదెవరు? మిగిలిన పదిహేనుమందిలో అందరినీ చూసింది. ఒక్క ముఖం మీదా ఆగలేకపోయింది.

* * *

పదకొండూ యాభై. తర్వాతి గది సిగ్నల్ రూం. ఇక్కడే చీకటి నిమిషం.

"విమానాలు వచ్చినప్పుడు దీపాలార్పేసేవారు," అన్నాడు గైడు. "ఆ చీకటి ఎలా ఉండేదో ఒక్క నిమిషం మీరూ చూస్తారు. ఆనాటి సైరన్ రికార్డింగ్ కూడా వేస్తాను. అందరూ ఈ కమ్మీ పట్టుకుని నిలబడండి. కదలకండి. భయమేస్తే పక్కవాళ్ళని పట్టుకోండి. కొత్త జంటకి చెప్పక్కర్లేదు."

నవ్వులు. అతను జేబులోంచి దూది తీసి ఉండలు చేసి చెవుల్లో కుక్కుకున్నాడు. "రోజుకి రెండుసార్లు చొప్పున పన్నెండేళ్ళు వింటే చెవులేం కావాలండీ మరి!"

తలుపు పక్కన చిన్న బల్ల. దాని మీద రిజిస్టరు. అతను వంగి నింపాడు. టూరు ఇంకో అరగంట ఉండగానే, లోపలికి ఎందరు, బయటికి ఎందరు అన్న రెండు గళ్ళూ ఇక్కడే నింపేయడం అతని అలవాటు. అవతలి గేటు దగ్గర బల్ల లేదు మరి. పదకొండుసార్లూ అత్తయ్య చూసింది. ఇరవై, ఇరవై. పదిహేను, పదిహేను. ఒళ్ళు బద్ధకం అనుకుంది.

నెమలిని ఈడ్చుకుంటూ బల్ల పక్కగా వెళుతూ అలవాటుగా ఓ చూపు వేసింది.

లోపలికి 18. బయటికి 17.

సిరా ఇంకా తడిగా ఉంది.

ఆమె కాళ్ళు నడుస్తూనే ఉన్నాయి. తల మాత్రం ఆ అంకె దగ్గరే ఆగిపోయింది. ఇంకా ఎవరూ చావలేదు. దీపాలు ఇంకా వెలుగుతూనే ఉన్నాయి. ఒక మనిషి తగ్గుతాడని ఇతనికెలా తెలుసు?

పదకొండు నెలలు. పదకొండుసార్లు ఈ మనిషి చెప్పిన కథలకు ఆమె తలాడించింది. రెండుసార్లు కన్నీళ్ళు కూడా తుడుచుకుంది.

ఇంజనీరు కమ్మీకి ఆ చివర, టోపీ తాతగారి పక్కన నిలబడ్డాడు. అత్తయ్య నెమలిని ఈ చివరికి తెచ్చింది. మెడలోంచి మఫ్లరు తీసింది. నెమ్మదిగా మడిచి ప్లాస్టిక్ కవర్లో పెట్టి జిప్పు లాగింది. వాసన బంద్.

నెమలి అదంతా చూసింది. ఆమె ముఖంలో రంగు దిగిపోయింది.

"ఎవరు నువ్వు?" అంది గుసగుసగా.

అత్తయ్య కళ్ళద్దాలు తీసింది. ముసలి గొంతు కూడా తీసేసింది.

"మావయ్య పెళ్ళాన్ని."

దీపాలు ఆరిపోయాయి.

సైరన్ మొదలైంది. కొండ కడుపులోంచి వచ్చినట్టు ఊళ. పక్కవాడి మాట పక్కవాడికి వినిపించని రొద. అరవై సెకన్లు.

అత్తయ్య ఎడం చెయ్యి నెమలి మణికట్టు మీద ఉంది. కుడి చేత్తో స్ప్రే సీసా తీసి, ఆ అందమైన జుట్టు ముడిలోకి మూడుసార్లు నొక్కింది. మఫ్లరైతే తీసి పారేయొచ్చు. జుట్టునేం చేస్తుంది?

పది సెకన్లు.

నెమలికి వాసన తెలిసింది. తను తయారుచేయించిన వాసన, తన వేళ్ళతో ఎందరికో పూసిన వాసన. గింజుకుంది, గోళ్ళతో రక్కింది. అత్తయ్య వదల్లేదు. సీసా పడేసి ఆ చేత్తో టార్చి తీసుకుంది. బొటనవేలు బటన్ మీద పెట్టింది.

ఇరవై. ముప్ఫై.

సైరన్ కింద అడుగుల చప్పుడు వినపడదు. కానీ గాలి కదిలింది. ఎవరో కమ్మీ వెంబడి మెల్లగా, ముక్కుతో వెతుక్కుంటూ వస్తున్నారు.

"నేను!" నెమలి గొంతు చించుకుంది. "నేనురా, నెమలిని! నన్ను కాదు, ఆ ఇంజనీరుని! నన్ను కాదు!"

ఆ కేక కమ్మీ పట్టుకున్న ప్రతివాళ్ళ చెవినీ కోసింది. ఒక్కరికి తప్ప. అతని చెవుల్లో దూది ఉంది.

నలభై అయిదు.

అత్తయ్య వేలు బటన్ మీదే ఉంది. నొక్కలేదు. ఇంకొక్క అడుగు రానిస్తే చాలు. తను ఏమీ చేయక్కర్లేదు, ఊరికే నిలబడితే చాలు. మావయ్య చివరిసారి చూసిన చీకటి ఇదే. ఆయన పక్కన ఇదే ఆడది నిలబడి, ఇలాగే లెక్కపెట్టుకుంటూ ఎదురుచూసింది. అరవనైనా అరవనివ్వలేదు.

యాభై. యాభై అయిదు.

తన చేతిలో ఉన్న మణికట్టు వణుకుతోంది. చలిజ్వరం వచ్చిన పిల్ల చెయ్యిలా. ఆ వణుకు అత్తయ్య భుజం దాకా పాకింది. బాగుంది. ఇంకాస్త కావాలి. రోజూ కావాలి. సూది గుచ్చుకుంటే ఇది ఇక్కడితో ఆగిపోతుంది.

ఆమె బటన్ నొక్కింది.

తెల్లటి వెలుగులో గైడు ముఖం. కళ్ళు చీకటికి అలవాటుపడి గుడ్లగూబలా తెరుచుకుని ఉన్నాయి. బెత్తం ఇత్తడి మొన ఊడి, లోపలినుంచి వచ్చిన సన్నటి సూది నెమలి మెడకు బియ్యపుగింజంత దూరంలో ఉంది.

బరువైన టార్చి అతని మణికట్టు మీద పడింది. ఎముక విరిగిన చప్పుడు, సైరన్ ఆగిపోవడం ఒకేసారి జరిగాయి. బెత్తం దొర్లింది. అత్తయ్య అతని మోకాలి వెనక తన్ని బోర్లా పడేసి, వీపు మీద కూర్చుని, హ్యాండ్‌బ్యాగులోంచి బేడీలు తీసింది. రెండు జతలు తెచ్చుకుంది.

ఎవరో దీపాలు వేశారు. కొత్త పెళ్ళికొడుకు పెళ్ళాం వెనక దాక్కున్నాడు.

అత్తయ్య గైడు చెవిలోంచి దూది పీకింది. "ఇప్పుడు వినపడుతోందా?"

"ఎలా తెలిసింది?" అన్నాడతను. రొప్పుతున్నాడు.

"మీరే రాశారుగా. బయటికి పదిహేడు."

గైడు ముఖం అర్థంకానట్టు అయ్యి, తర్వాత అర్థమై, పాలిపోయింది.

"తర్వాత రాస్తే ఏం పోయేదయ్యా? లేదా ముందు పద్దెనిమిదే రాసి, మనిషి పోయాక దిద్దుకుంటే ఏం?"

"దిద్దితే..." అన్నాడు. "కొట్టివేత వస్తుంది కదా."

అత్తయ్య రిజిస్టరు తెచ్చి పేజీలు వెనక్కి తిప్పింది. పదకొండు నెలలు వెనక్కి. లోపలికి 22. బయటికి 21. ఒకే సిరా, ఒకే వాలు, ముత్యాల్లాంటి రాత. మావయ్య ఇంకా ఆ కమ్మీ పట్టుకుని, పక్కవాళ్ళతో ఏదో జోకు వేస్తూ నిలబడి ఉన్నప్పుడు రాసిన ఇరవై ఒకటి.

ఆ అంకెను చాలాసేపు చూసింది. దాన్నెవరూ దిద్దలేరు.

ఈ రోజు పేజీ తిప్పి, పెన్ను అతని మంచి చేతిలో పెట్టింది.

"కొట్టెయ్. పద్దెనిమిది రాయి."

"వద్దు. సాక్ష్యం కావాలంటే అలాగే తీసుకెళ్ళండి. కొట్టించొద్దు."

"రాయి."

సూది పట్టుకున్నప్పుడు వణకని చెయ్యి అప్పుడు వణికింది. 17 మీద గీత వంకరగా పడింది. అతని కళ్ళు చెమర్చాయి.

నెమలి గోడకు చేరగిలబడి ఉంది. చేతులకు బేడీలు, జుట్టు విడిపోయింది. "నన్నెందుకు కాపాడావు?" అంది.

"కాపాడానని ఎవరన్నారు? సూదితో అర నిమిషంలో అయిపోయేది. ఇప్పుడు నువ్వు మాట్లాడాలి. ఎవరెవరికి పూశావో, పేరు పేరునా చెప్పాలి. ప్రతి పేరుకీ ఎదురుగా వాళ్ళ పెళ్ళాన్నో, మొగుణ్ణో, తల్లినో కూర్చోబెడతాను. మొదటి కుర్చీ నాది."

నెమలి తల తిప్పుకుంది.

గడియారం పన్నెండూ అయిదు. అత్తయ్య ఇద్దరినీ కమ్మీకి బిగించి బెత్తం కవర్లో చుట్టింది. తలుపు బయటినుంచి తాళం పడితే వాళ్ళు ఎక్కడికీ పోరు. ఇంజనీరుని బయటపెట్టాలంటే మిగిలిన సొరంగం దాటాలి. పదిహేనుమంది టూరిస్టులు ఆమెనే చూస్తున్నారు.

"మరి మిగతా టూరు?" అన్నాడు టోపీ తాతగారు.

అత్తయ్య విగ్గు సర్దుకుంది. "నా వెనకే రండి. నేను ఆగితే ఆగాలి. ఎడంపక్క కనిపించేది శవాల గది. కుడిపక్క మెట్లు నలభై ఒకటి. ఇరవయ్యో మెట్టు దగ్గర తల వంచండి."

పన్నెండూ ఇరవై తొమ్మిదికి ఇంజనీరు వ్యాన్ ఎక్కాడు. దారిలోనే పెన్సిలు అడిగి రేవు మ్యాపు మీద పదహారు చుక్కలు పెట్టాడు. మూడూ నలభైకి ఈతగాళ్ళు నీళ్ళ అడుగున పదహారో మైన్ వైరు కత్తిరించారు. నాలుగింటికి మూడు షిప్పులూ కూతపెట్టి కదిలాయి. డెక్కుల మీద జనం ఒడ్డుకు చేతులూపారు.

అయిదు గంటలకు పెద్దాయన టేబుల్ మీద రెండు పుస్తకాలున్నాయి. ఒకటి రిజిస్టరు. రెండోది అవతలి గేటు దగ్గర గోడకి వేలాడదీసి ఉండే సందర్శకుల అభిప్రాయాల పుస్తకం. పెద్దాయన రెండోదాంట్లో చివరి పేజీ చూసి కనుబొమ్మలు ఎగరేశాడు.

"ఎవరో టోపీ ఆయనట. చాలా రాశాడు."

"ఏమని సార్?"

"చీకటి గదిలో వేసిన నాటకం బాగుంది కానీ మరీ అతిగా ఉందట. మొదటి గైడు కంటే రెండో గైడు నయమట. అయితే ఒకే టిక్కెట్టు మీద ఇద్దరు గైడ్లని పెట్టడం ప్రజాధనం వృథా అని, దీని మీద సంజాయిషీ కావాలని అడ్రసు కూడా ఇచ్చాడు." పెద్దాయన కాగితం తీసుకున్నాడు. "జవాబివ్వాలి కదా. ఏమని రాయను?"

అత్తయ్య లేచి బ్యాగు భుజాన వేసుకుంది.

"ఒకణ్ణి తగ్గించామని రాయండి సార్."